బాపమ్మా, ఇంకొక్క దయ్యం కథ చెప్పవా

పోయిన నెల ఇదే శీర్షికలో ఒకావిడ పిల్లలకు దయ్యాల కథలు చెప్పొచ్చా అని అడిగితే 'చెప్పండి, ఏం కాదు' అని నాలుగు లైన్లలో తేల్చేశాను. అంత తేలిగ్గా తేల్చినందుకు నాకు బాగానే పడ్డాయి. తిట్టినవాళ్లు, మెచ్చుకున్నవాళ్లు, తిడుతూ మెచ్చుకున్నవాళ్లు, చివరికి సొంతంగా ఒక దయ్యం కథ రాసి పంపిన ఆరో తరగతి పిల్లవాడు. అందుకే ఈ నెల జాగా అంతా దీనికే ఇచ్చేశాను. వడియాలకు బూజు ఎందుకు పడుతుందని అడిగిన పెద్దపల్లి చెల్లె వచ్చే నెల దాకా ఓపిక పట్టాలి.

ప్రశ్న: అక్కా, మా బాబుకు ఏడేళ్లు. ఎండాకాలం సెలవుల్లో నెల రోజులు ములుగు దగ్గర మా అత్తగారి ఊళ్లో ఉన్నాడు. బాపమ్మ రోజూ రాత్రి దయ్యాల కథలు చెప్పిందట. ఇప్పుడు ఇంట్లో ఒక్కడే బాత్రూంకు పోడు, నేను తలుపు దగ్గర నిలబడి మాట్లాడుతూనే ఉండాలి. పోనీ అంత భయపడ్డాడు కదా, ఇక వద్దంటాడేమో అనుకుంటే, రాత్రి తొమ్మిదయ్యేసరికి వాడే ఫోన్ చేసి 'బాపమ్మా, ఇంకొక్కటి' అంటాడు. భయమైతే మళ్లీ ఎందుకు అడుగుతున్నాడు? ఆపించమంటారా?
- ఒక తల్లి, హనుమకొండ

జవాబు: ఆపించకు చెల్లె. ముందే చెప్పేస్తున్నా, మిగతాది టెన్షన్ లేకుండా చదువుతావని.

జాతరలో జెయింట్ వీల్ ఎక్కిన పిల్లల్ని చూడు. పైకి పోయేటప్పుడు నాన్న చొక్కా పట్టుకుని కళ్లు గట్టిగా మూసుకుంటారు, కడుపులో ఏదో అయిపోతోందని ఏడుస్తారు, కిందికి దిగి రెండడుగులు వేశారో లేదో ఇంకోసారి ఎక్కుదామంటారు. భయమేసినప్పుడు ఒంట్లో అడ్రినలిన్ పెరుగుతుంది, గుండె దడదడలాడుతుంది, చేతులు చల్లబడతాయి. పరుగెత్తడానికో తిరగబడడానికో శరీరం చేసుకునే ఏర్పాటు అది. కథ వింటున్నప్పుడు ఆ ఏర్పాటు అంతా జరుగుతుంది గానీ పరుగెత్తాల్సిన పని పడదు, కూర్చున్న చోటే కూర్చుని ఉండగా గండం దాటిపోతుంది. ఆ దాటిపోయినప్పటి హాయి కోసం మళ్లీ అడుగుతారని సైకాలజీ చదివినవాళ్లు చెప్తారు. ఒప్పుకుంటాను గానీ నాకు ఇది సగం మాటే అనిపిస్తుంది. మీవాడు అడిగేది జెయింట్ వీల్‌ను కాదు కదా, బాపమ్మను.

మనం రోజంతా పిల్లలతో ఎట్లా మాట్లాడతామో ఒకసారి గుర్తు చేసుకో. చేతిలో ఏదో ఒక పని పెట్టుకుని 'ఆగు', 'తర్వాత', 'హోంవర్క్ అయిందా', 'టిఫిన్ డబ్బా ఏది'. ఊళ్లో రాత్రి పూట వాకిట్లో నులక మంచం మీద కూర్చుని కథ చెప్పే ముసలామె చేతిలో ఏ పనీ ఉండదు. ఆ అరగంట ఒక పెద్ద మనిషి మొత్తంగా వాడికి దొరికింది. పైగా ఏడేళ్ల మగపిల్లాడికి ఒళ్లో కూర్చోవడం అప్పటికే నామోషీ, పెద్దోడివయ్యావు అని మనమే అంటాం. అదే కథలో దయ్యం వచ్చిందనుకో, ఎవరూ ఏమీ అనకుండా ఒళ్లోకి దూరిపోవచ్చు.

మాది వర్ధన్నపేట అవతల ఒక ఊరు. చిన్నప్పుడు ఎండాకాలం అందరం వాకిట్లోనే పడుకునేవాళ్లం. చెరువు కట్ట అవతల కొరివి దయ్యం తిరుగుతుందని మా బాపమ్మ చెప్పేది. మేం లేచి చూస్తే నిజంగానే దూరంగా పొలాల్లో ఒక వెలుగు కదిలేది, కాసేపు ఆగేది, ఆరిపోయేది, ఇంకో చోట మళ్లీ వెలిగేది. దుప్పటి కింద నలుగురం ఒకరి మీద ఒకరం పడి వణికేవాళ్లం. చాలా ఏళ్ల తర్వాత గానీ నాకు తెలియలేదు, అది మా చిన్నాయన చేతిలో టార్చిలైటు. అప్పట్లో వ్యవసాయానికి కరెంటు అర్ధరాత్రి ఇచ్చేవాళ్లు, రైతు లేచి పోయి మోటరు వేసి రావాల్సిందే. తెలంగాణలో రైతులకు 24 గంటల కరెంటు 2018 జనవరి 1 నుంచి మొదలైంది కదా, మా ఊరి కొరివి దయ్యం అప్పుడే రిటైరైపోయిందని నేను నవ్వుతుంటాను. నవ్వు పక్కన పెడితే, ఆమె అబద్ధం చెప్పి పిల్లల్ని భయపెట్టిందని మాత్రం నాకెప్పుడూ అనిపించలేదు. ఆ చీకట్లో గట్ల మీద పాములుంటాయి, తడి చేతులతో స్టార్టర్ ముట్టుకుంటే షాక్ కొడుతుంది. ఆ వెలుగు ఎక్కడ ఆగింది, మళ్లీ కదిలిందా లేదా, ఇంటి వైపు తిరిగిందా అని ఆమె కథ చెప్తూనే చూసుకునేది. చిన్నాయన గేటు తీసిన చప్పుడు వినపడగానే కథ ఐపోయేది. దయ్యం ఎక్కడున్నా సరే.

ఇక బాత్రూం సంగతి. బల్బు వేసే ఉంచు, పది రూపాయల కరెంటుకు చూసుకోకు. అంత పెద్దోడివి భయమేంటి అనొద్దు, ముఖ్యంగా చుట్టాల ముందు చెప్పి నవ్వొద్దు, వాడికి దయ్యం కన్నా అదే ఎక్కువ గుర్తుండిపోతుంది. తలుపు దగ్గర నిలబడేదానివి వచ్చే వారం వంటింటి గడప దగ్గర నిలబడి మాట్లాడు, ఆ పై వారం వంటింట్లో నుంచి. ఇంకో పని చెయ్యి, బాపమ్మ చెప్పిన కథ నీకు చెప్పమను. కథ చెప్పేవాడికి ఎక్కడ గొంతు పెంచాలో ముందే తెలుసు కాబట్టి వాడు భయపడడు, నిన్ను భయపెట్టాలని చూస్తాడు, నువ్వు కొంచెం భయపడు. ఇంత చేసినా నెలల తరబడి నిద్ర పట్టక, బడికి పోనని మొండికేస్తుంటే మాత్రం అప్పుడు పిల్లల డాక్టర్‌కు చూపించు.

ప్రశ్న: బిడ్డా, నా కోడలు చదువుకున్నది. దయ్యాల కథలు చెప్తే పిల్లల మనసు మీద పడుతదట. మరి ఆమె బూచోడొస్తడని చెప్పి అన్నం తినిపిస్తది, దానికి మాత్రం ఏం కాదట. ఏ వయసు నుంచి చెప్పొచ్చు, ఎట్ల చెప్పాలె?
- ఒక అవ్వ, పరకాల

జవాబు: అవ్వా, సగం జవాబు మీరే రాసి పంపారు. మీ కోడలికి ఈ పేజీ చూపించండి, నా పేరు చెప్పి తిట్టించుకోండి, ఏం ఫర్వాలేదు.

కథలో దయ్యం ఎవరినో పట్టుకుంటుంది, ఏదో ఉపాయంతో వాళ్లు బయటపడతారు, కథ కంచికి పోతుంది, మనం ఇంట్లోనే ఉంటాం. అన్నం దగ్గర వచ్చే బూచోడు అట్లా కాదు. వాడు పట్టుకునేది ఈ పిల్లనే, వంకాయ కూర తినలేదన్న తప్పుకు, రేపు మధ్యాహ్నం మళ్లీ వస్తాడు, వాడిని ఓడించిన వాళ్లు ఎవరూ లేరు, వాడిని పిలిచేది సొంత తల్లి. నాలుగేళ్ల పిల్లకు ఇంతకన్నా భయంకరమైన కథ ఎవరు చెప్పగలరు? బస్తాలో వేసుకుపోయేవాడు, సూది వేసే డాక్టరు, పోలీసు, అందరిదీ ఇదే వరస. పోలీసు పేరు చెప్పి బెదిరిస్తే ఇంకో నష్టం కూడా ఉంది. మేడారం జాతరలో అంత జనంలో పిల్ల తప్పిపోయిందనుకోండి, పరుగెత్తి పోవాల్సింది పోలీసు దగ్గరికే, ఆ పిల్ల పోలీసును చూసి దాక్కుంటుంది.

వయసు విషయానికొస్తే, మూడు నాలుగేళ్ల లోపు పిల్లలకు వద్దు. వాళ్లకు కథలోది ఇక్కడ లేదన్న సంగతి ఇంకా పూర్తిగా తెలియదు. ఆ తర్వాత రాక్షసుడు వచ్చి ఓడిపోయే కథలు చెప్పొచ్చు. అసలు దయ్యాలు, శ్మశానాలు ఏడెనిమిదేళ్లకు బాగుంటాయి, అప్పటికి ఇది ఉత్తుత్తిదే అని తెలిసి కూడా భయపడతారు, ఆ తెలియడంలోనే మజా ఉంది. అయితే ఇవి గీత గీసి చెప్పిన వయసులేమీ కాదు. ఒకే ఇంట్లో ఐదేళ్లది కళ్లార్పకుండా వింటుంది, తొమ్మిదేళ్లవాడు చెవులు మూసుకుంటాడు.

మీ కోడలు ఒకవేళ మన పాత కథల్లో ఇంత భయం ఎందుకు అంటే ధర్మపురికి తీసుకుపోండి. గోదావరి ఒడ్డున నరసింహస్వామి, హిరణ్యకశిపుడి కడుపు చీల్చిన స్వామి, ఆ ప్రాంగణంలోనే యమధర్మరాజుకు కూడా గుడి. పసిపిల్లల్ని చంకనేసుకుని పోయి ఇద్దరికీ దండం పెట్టిస్తాం, ఇది మనసు మీద పడుతుందని ఎవరూ అనరు. ఒగ్గు కథలో ఎల్లమ్మ కథ చూడండి, తండ్రి మాట మీద కొడుకు గొడ్డలెత్తి తల్లి తల నరకడం, జనగామ వైపు చుక్క సత్తయ్య గారి లాంటి కళాకారుల కథ అంటే ఊరు ఊరంతా తెల్లవార్లూ కూర్చునేది, డోలు దెబ్బకు పిల్లలు ఉలిక్కిపడి తల్లుల కొంగులు పట్టుకునేవాళ్లు. కొంగు అందినంత దూరంలో ఉండడమే అక్కడ ముఖ్యం.

ఎట్లా చెప్పాలో మీకు నేను చెప్పడమేంటి, అయినా అడిగారు కాబట్టి. గొంతు పెంచడం కన్నా తగ్గించడంలో ఎక్కువ భయముంటుంది. మిమిక్రీ నేరెళ్ల వేణుమాధవ్ గారు పుట్టిన వరంగల్ మనది, దయ్యానికి ఒక గొంతు, ముసలమ్మకు ఒక గొంతు పెట్టడానికి సిగ్గుపడొద్దు. మీకు కందిలి గుర్తుండే ఉంటుంది, వత్తి పెంచుతూ తగ్గిస్తూ ఉండేవాళ్లం. అట్లాగే పిల్ల ముఖం చూస్తూ చెప్పండి, కళ్లు మరీ పెద్దవైతే దయ్యం కాలికి ముల్లు గుచ్చుకుందనండి, పిల్ల ఆవలిస్తే చెట్టు మీద నుంచి ఇంకో దయ్యాన్ని దింపండి. దయ్యాన్ని మాత్రం మీ ఇంటి పెరట్లో పెట్టకండి, ఏడు గుట్టల అవతల పెట్టండి. మధ్యలో ఆపి లైటు తీసేయడం అస్సలు వద్దు. దయ్యం పట్టు ఎక్కడుందో పిల్లలకు చెప్పడం మర్చిపోకండి. బాలనాగమ్మ కథలో మాయల ఫకీరు ఎంత భయంకరుడైనా వాడి ప్రాణం ఏడు సముద్రాల అవతల ఒక చిలకలో ఉంటుంది, ఆ చిలక సంగతి తెలిసిన క్షణాన పిల్లల వీపు ఎట్లా నిటారవుతుందో గమనించే ఉంటారు.

ప్రశ్న: 'ఓ స్త్రీ రేపు రా' అని మా ఊళ్లో పాత ఇళ్ల తలుపుల మీద ఇప్పటికీ కొన్ని చోట్ల కనిపిస్తుంది. అసలు ఆ కథేంటి మేడమ్?
- డిగ్రీ విద్యార్థి, హుజూరాబాద్

జవాబు: రాత్రి పూట ఆడదయ్యం వచ్చి తెలిసిన గొంతుతో పేరు పెట్టి పిలుస్తుందని, పలికి తలుపు తీస్తే అంతే సంగతులని పుకారు. తలుపు మీద అట్లా రాస్తే చదువుకుని, రేపు రమ్మన్నారు కదా అని వెళ్లిపోతుందట, రేపు వస్తే మళ్లీ రేపే. కర్ణాటకలో కన్నడంలో ఇదే మాట రాసుకున్నారు. నాకు నచ్చేదేంటంటే, ఇంత చెప్పిన మాట వినే, అక్షరాస్యురాలైన దయ్యం ఇంకోటి లేదు. ఊళ్లో సగం మందికి చదువు రాని రోజుల్లో దయ్యానికి చదువొచ్చని అందరూ నమ్మారు. ఇది పిల్లలు పుట్టించింది కాదు బాబూ, రాసింది అంతా పెద్దవాళ్లే, మేం సుద్దముక్కలు అందించాం.

ప్రశ్న: ఇదంతా మీ తరం వాళ్ల పాతకాలపు మోజు. బయటి దేశాల్లో పిల్లల పుస్తకాలు ఎంత సున్నితంగా, ఆలోచించి రాస్తారు! మనమేమో ఇంకా శవాలు, శ్మశానాలు పట్టుకుని వేలాడుతున్నాం.
- లెక్చరర్, కాజీపేట

జవాబు: సార్, బయటి దేశాల మీద మీకున్న నమ్మకం చూస్తే ముచ్చటేసింది.

జర్మనీలో గ్రిమ్ సోదరులు తమ కథల మొదటి సంపుటం 1812లో వేశారు. అందులో స్నో వైట్ అనే రాకుమారిని చంపించాలని చూసేది సవతి తల్లి కాదు, కన్నతల్లే. చదివినవాళ్లు ఇబ్బందిపడ్డారనో ఏమో, తర్వాతి కూర్పుల్లో ఆమెను సవతి తల్లిగా మార్చారు, చంపించే పని మాత్రం అట్లాగే ఉంచారు. అమెరికాలో ఆల్విన్ ష్వార్ట్జ్ అనే ఆయన జానపద భయం కథలన్నీ పోగుచేసి పిల్లల కోసం 1981లో ఒక పుస్తకం వేశాడు, 1984లో, 1991లో ఇంకో రెండు. స్టీఫెన్ గామెల్ వేసిన బొమ్మలు చూస్తే నాకే నీళ్లు తాగాలనిపించింది, కరిగిపోతున్నట్టుండే ముఖాలు, వేళ్లలా జారే జుట్టు. పుస్తకాలను లైబ్రరీల నుంచి తీసేయాలని తల్లిదండ్రులు ఎన్ని ఫిర్యాదులు చేశారంటే, 1990 నుంచి 1999 వరకు అక్కడి లైబ్రరీ సంఘం లెక్కగట్టిన జాబితాలో వాటిదే మొదటి స్థానం. పిల్లలు చదవడం మానారా అంటే లేదు. 2011లో కంపెనీ వాళ్లు కొత్త చిత్రకారుడితో కాస్త మెత్తని బొమ్మలు వేయించి మళ్లీ అచ్చేశారు. అప్పుడు గొడవ చేసింది ఎవరనుకున్నారు? చిన్నప్పుడు ఆ పాత బొమ్మలు చూసి నిద్రపోలేకపోయినవాళ్లే, పెద్దయ్యాక, మా బొమ్మలు మాకు కావాలని. కొన్నేళ్లకు పాత బొమ్మలు తిరిగొచ్చాయి.

ఇక శవాలు పట్టుకుని వేలాడడం అన్నారు కదా, నిజానికి మన శవమే వేలాడుతూ ఉంటుంది, రాజు దాన్ని దించి మోస్తాడు. బేతాళుడి కథలను కాశ్మీరంలో సోమదేవుడు పదకొండో శతాబ్దంలో తన కథాసరిత్సాగరంలో చేర్చాడు, అప్పటికే అవి పాతవి. మన చందమామ పత్రికలో దశాబ్దాల పాటు నెలనెలా అదే శవం, అదే చెట్టు, శంకర్ గారు గీసిన అదే బొమ్మ, చేతిలో కత్తి, భుజాన శవం. ఇంట్లో పెద్దవాళ్లు వద్దనలేదు సరికదా, పిల్లలకన్నా ముందు వాళ్లే చదివేవాళ్లు. ఆ శవం చేసే పని కూడా చూడండి. గొంతు పిసకదు, రక్తం తాగదు, కథ చెప్పి చిక్కు ప్రశ్న అడుగుతుంది. జవాబు తెలిసి చెప్పకపోతే తల పగులుతుంది, చెప్తే మళ్లీ చెట్టెక్కుతుంది. రెండూ నష్టమే. మా ఇంట్లో ఆ ప్రశ్న దగ్గర పుస్తకం మూసేసి, నువ్వైతే ఏం చెప్తావని ఒకరినొకరం అడుక్కునేవాళ్లం, అప్పుడు భయం ఎటు పోయేదో ఏమో.

ప్రశ్న: నేను ప్రభుత్వ బడిలో సైన్స్ టీచర్‌ను. ఇరవై ఏళ్లుగా దయ్యాలు లేవని పిల్లలకు చెప్తున్నాను. మీరు ఒక్క పేరాతో నా కష్టం అంతా నీళ్లపాలు చేశారు.
- ఉపాధ్యాయుడు, జనగామ

జవాబు: సార్, మీ కోపంలో న్యాయం ఉంది, ఇది నవ్వి దాటేసే విషయం కాదు.

జగిత్యాల, కరీంనగర్, భూపాలపల్లి వైపు నుంచి 'మంత్రాల నెపంతో హత్య' అన్న హెడ్డింగు పేపర్లలో ఎన్నిసార్లు చదివి ఉంటాం. చనిపోయింది ఎవరో పేద ముసలామె, లేకపోతే ఏ పొలం తగాదాలోనో ఇరుక్కున్న మనిషి. అది కూడా ఒక భయం కథతోనే మొదలవుతుంది, 'ఆమె చూపు పడితే పశువు చచ్చిపోయిందట' అని. 2018 మే నెలలో మన రాష్ట్రంలో ఫోన్లలో పిల్లల్ని ఎత్తుకుపోయే గ్యాంగులు తిరుగుతున్నాయని మెసేజ్‌లు పాకితే, ఏ పాపం తెలియని మనుషుల్ని జనం కొట్టి చంపారు. ఆ కథలు నమ్మినవాళ్లు పిల్లలు కాదు, చేతిలో కట్టెలు పట్టుకున్న పెద్దవాళ్లు. అందుకే నా వరకు నేను ఒక్క పట్టుదల పెట్టుకున్నాను. కథలో దయ్యానికి మన వాడకట్టు అడ్రసు ఉండకూడదు. 'అనగనగా ఒక ఊళ్లో ఒక మంత్రగత్తె' అనొచ్చు, 'ఆ చివరి ఇంటి ముసలామె' అనకూడదు. ఆ మాట పిల్లల ముందు ఎవరన్నా అక్కడే ఆపాలి, బాపమ్మ అయినా సరే.

కానీ కథలన్నీ వద్దంటే మీకే నష్టం సార్. జన విజ్ఞాన వేదిక వాళ్లు బళ్లకు వచ్చి నాలుక మీద కర్పూరం వెలిగించి, బాబాల మహిమల గుట్టు విప్పుతుంటారు కదా, ఆ రోజు పిల్లలు ఎంత ఉత్సాహంగా ఉంటారో మీరు చూసే ఉంటారు. ముందు అబ్బా అనుకుని నోరు తెరిచినందువల్లే ఆ గుట్టు మీద అంత ఆసక్తి. మీ క్లాసులో ఒకటి చేసి చూడండి. పిల్లలందరినీ వాళ్ల వాళ్ల ఊరి దయ్యం కథ ఒక్కొక్కటి ఇంట్లో అడిగి రాసుకురమ్మనండి. మన దేవనూరులో పుట్టిన బిరుదురాజు రామరాజు గారు ఊరూరు తిరిగి జానపదుల పాటలు సేకరించినట్టు, మీ ఆరో తరగతి కథలు సేకరిస్తుంది. నేను పంతులమ్మగా ఉన్నప్పుడు ఒకసారి చేశాను. రాత్రి సైకిల్ మీద పోతుంటే తెల్ల బట్టల మనిషి ఆపి 'అన్నా అగ్గిపెట్టె ఉందా' అని అడుగుతాడు, కిందికి చూస్తే పాదాలు వెనక్కి తిరిగి ఉంటాయి. ఈ ఒక్క కథే ఏడు ఊళ్ల నుంచి వచ్చింది, చింతచెట్టు ఒక్కటే మారింది. ఒక పిల్ల లేచి 'టీచర్, అదే దయ్యం ఏడూళ్లు తిరుగుతుందా, లేకపోతే కథే తిరుగుతుందా' అంది. నేను ఇంకేమీ చెప్పాల్సిన పని పడలేదు.

ప్రశ్న: నాకు బొగ్గుబాయిలో నైట్ షిఫ్టులు. పాపకు పదేళ్లు. నేను లేని రాత్రుళ్లు ఫోన్‌లో దయ్యం వీడియోలు ఒకదాని తర్వాత ఒకటి చూస్తోందట. బాపమ్మ కథలు మంచివైతే ఇవీ మంచివేనా?
- ఒక తండ్రి, గోదావరిఖని

జవాబు: కాదన్నా. ఫోన్ పిల్ల ముఖం చూడదు. ఆ పిల్ల వణుకుతున్నా తర్వాతి వీడియో దానంతట అదే మొదలవుతుంది, అది ఇంకాస్త ఘోరంగా ఉంటుంది. ఆ వీడియోల్లో సగం కథే ఉండదు, నిశ్శబ్దంగా ఉంచి ఉన్నట్టుండి ఒక కేక. వెనక నుంచి వచ్చి చెవి దగ్గర పళ్లెం కొడితే ఎవరైనా ఉలిక్కిపడతారు, అదేం గొప్ప. రాత్రి ఫోన్ వాళ్లమ్మ దగ్గర పెట్టించండి, అంతవరకే నా సలహా.

ఇంకొకటి అడుగుతా, ఏమీ అనుకోవద్దు. భూమి లోపల ఎంత చీకటిగా ఉంటుందో, తలమీది దీపం ఆర్పేస్తే సొంత చెయ్యి కనపడుతుందా లేదా, పైకప్పు చప్పుడు చేస్తే ముందు ఎవరు వింటారో, ఎప్పుడైనా ఆ పాపకు చెప్పారా? ఇంట్లోనే అంత కథ పెట్టుకుని పిల్ల ఫోన్‌లో వెతుక్కుంటోంది. ప్రమాదాల సంగతులు మరీ వివరంగా వద్దు, మీరు రోజూ క్షేమంగా పైకి వచ్చే దగ్గర ఆపండి.

ప్రశ్న: మా పాపకు ఐదేళ్లు. పడుకున్న గంటన్నరకే కెవ్వున కేక పెట్టి లేచి కూర్చుంటుంది. కళ్లు తెరిచే ఉంటాయి గానీ నన్ను గుర్తుపట్టదు, ముట్టుకుంటే తోసేస్తుంది. పది నిమిషాలకు దానంతట అదే పడుకుంటుంది, పొద్దున అడిగితే ఏమీ తెలియదు. దడుసుకుంది, ఎవరో కథ చెప్పి ఉంటారు, దర్గాలో ఊదించి అంత్రం కట్టిద్దాం అంటున్నారు మా అత్త. ఏం చేయను?
- కరీంనగర్ నుంచి

జవాబు: కథల మీద పడ్డ ఈ కేసు కొట్టేయొచ్చమ్మా. మీరు రాసింది చూస్తే ఇది పీడకలలా లేదు. పీడకల సాధారణంగా తెల్లవారుజాము వైపు వస్తుంది, పిల్ల పూర్తిగా మెలకువలోకి వస్తుంది, అమ్మను పట్టుకుంటుంది, ఏం కలొచ్చిందో చెప్తుంది. పడుకున్న మొదటి రెండు మూడు గంటల్లో, గాఢనిద్రలో నుంచి సగం లేచి ఇట్లా అరవడం వేరు. ఈ వయసు పిల్లల్లో తరచూ చూసేదే, ఎదిగే కొద్దీ చాలా మందిలో తగ్గిపోతుంది. జ్వరం, నిద్ర చాలకపోవడం, బాగా అలసిపోవడం దీన్ని పెంచుతాయి. ఆ సమయంలో కుదిపి లేపొద్దు, మంచం మీద నుంచి పడకుండా చూసుకుంటూ పక్కన కూర్చోండి, పొద్దున దాని గురించి పదేపదే అడగొద్దు. రోజూ రాత్రి ఒక అరగంట ముందు పడుకోబెట్టి చూడండి. తరచుగా వస్తున్నా, చేతులు కాళ్లు కొట్టుకుంటున్నా, పగలు కూడా మత్తుగా ఉంటున్నా పిల్లల డాక్టర్‌కు చూపించాలి, వీలైతే ఫోన్‌లో ఒకసారి వీడియో తీసి పెట్టుకోండి, డాక్టర్‌కు అది పనికొస్తుంది.

దర్గాకు మీ అత్తగారు పోతానంటే పోనివ్వండి, నన్నూ చిన్నప్పుడు ఎత్తుకుపోయారు, మా వైపు కులం మతం చూడకుండా దడుసుకున్న పిల్లలందరికీ అదే దారి. నెమలీకలు తలకు తగిలితే చక్కిలిగింతలు పుట్టి నవ్వడం ఒక్కటే గుర్తుంది. కొట్టడం, పొగ పెట్టడం, ఏదో తాగించడం అంటే మాత్రం గడప దాటనివ్వొద్దు.

ప్రశ్న: అక్కా, నేను ఆరో తరగతి. దయ్యాలు నిజంగా ఉన్నాయా? అమ్మ లేవంటది కానీ తను కూడా రాత్రి పెరట్లోకి ఒక్కతే పోదు. నేను ఒక దయ్యం కథ రాసిన, ఎట్లుందో చెప్పండి. మా బడి వంటగదిలో ఒక దయ్యం ఉంటది. గుడ్డు పెట్టే రోజు మాత్రమే వస్తది. అందరి గుడ్లు తినేస్తది. ఒకరోజు నేను దాక్కుని చూసి కారం డబ్బా మీద పోసిన. దయ్యం చచ్చిపోయింది. అయిపోయింది.
- నర్సంపేట నుంచి

జవాబు: ఇన్నేళ్లలో నాకు ఒక్క దయ్యమూ ఎదురుకాలేదు బిడ్డా. చూశామని ప్రమాణం చేసినవాళ్లను గట్టిగా అడిగితే అందరిదీ ఒకటే మాట, చూసింది వాళ్లు కాదు, వాళ్ల మేనమామ. అయినా మా ఊరి చింతచెట్టు కింద నుంచి పోయేటప్పుడు ఇప్పటికీ నేను కొంచెం గబగబా నడుస్తాను. మీ అమ్మను ఏమీ అనకు.

కథ బాగుంది. గుడ్డు పెట్టే రోజే వచ్చే దయ్యం ఇప్పటిదాకా ఎవరికీ తట్టలేదు, అందుకు నీకు పదికి పది. కానీ చివర్లో అంత తొందరేంటి? కారం పోయగానే చంపేశావు. కాసేపు తుమ్మనీయి, కళ్లు మండుతున్నాయని వంటగదంతా తిరగనీయి, నీ వైపు రానీయి. ఇంకో సంగతి, నాకు రాత్రి నిద్రపట్టకుండా చేసింది అదే. దయ్యం గుడ్లు తిన్నది సరే, పెంకులు ఎక్కడ పడేసింది? అది కనిపెట్టి మళ్లీ రాసి పంపు.